ఎడమ కన్ను, మూడో అంతస్తు

ఆదివారం పొద్దున ఏడింటికి, మనిషికి నాలుగొందలు.
టోపీ, నీళ్ళ సీసా ఎవరివి వాళ్ళే తెచ్చుకోవాలి.
పదకొండు మందిమి.
జెమీమా చేతిలో మడిచిన గొడుగు
వాన కోసం కాదు, అది లేస్తే మేం ఆగాలి.

మొదట ఆపింది బొమ్మ లేని గోడ దగ్గర.
తెల్లసున్నం. మూలన ఒక పార్టీ పేరు,
ఎన్నికలయ్యేదాకా ఈ గోడ తమదని.
"చెన్నైలో అన్నిటికన్నా పాత వీధికళ ఇదే" అంది ఇంగ్లీషులో.
ఎవరూ ఫోటో తీయలేదు.

తర్వాతవి తీశారు.
నాలుగంతస్తుల చేప, పొలుసు పొలుసుకీ ఒక పిల్ల పేరు.
ఈ పొలుసు పిల్ల ఇప్పుడు కొరియర్ కంపెనీలో ఉంది,
ఆ తోక దగ్గరివాడు లేడు.
లేడంటే ఏమిటో అడిగేలోపు గొడుగు ముందుకు పోయింది.

కుళాయి దగ్గర రంగురంగుల బిందెలు
మాకన్నా పద్ధతిగా వరసలో ఉన్నాయి.
రిటైరైన ఇంజనీరు ఒకాయన, ఈ రంగు ఎన్నాళ్ళుంటుందన్నాడు.
"గోడ ఉన్నంతకాలం, ఆపైన ఇంకో రెండేళ్ళు."

నడుస్తూనే చెప్పింది:
కూవం ఒడ్డు నుంచి లారీల్లో తెచ్చి దింపారట,
ఇంటికి సగం లారీ చొప్పున.
తనకి ఏడేళ్ళు.
రాత్రికి రాత్రి బడి ఇరవై కిలోమీటర్లు వెనక్కి జరిగింది.
అమ్మమ్మ పొయ్యిరాళ్ళు మూడూ తెచ్చుకుంది.
మూడో అంతస్తులో కట్టెలపొయ్యేమిటని ఆఫీసరు నవ్వితే
ఒకటి తలుపుకి ఎడం పెట్టిందట, మూసుకుపోకుండా.
మిగతా రెండిటి సంగతి చెప్పలేదు.

చివరి బ్లాకు. గోడ నిండా ఒక ముసలామె నవ్వు.
చిలీ నుంచి వచ్చినాయన క్రేనెక్కి తొమ్మిది రోజులు గీశాడు.
చెంప మీద ఎవరిదో లుంగీ ఆరుతోంది.
గోడ కింద, అదే ముక్కుపుడక,
ఇడ్లీబండి వెనకాల.
చక్రాలకి అడ్డంగా మసిబారిన రెండు రాళ్ళు.

"ఈ కాలనీ మనిషే" అని మాకు చెప్పి
అటు తిరిగి, గొంతు మార్చకుండా, తెలుగులో:
"ఇంకో పావుగంట అమ్మమ్మా, వీళ్ళని బస్సెక్కించేసి వస్తా."

వీళ్ళు.
అందులో నేనొకణ్ణి.
బూటు లేసు ఊడినట్టు వంగాను.

మీ బొమ్మ చూసుకుంటే ఏమనిపిస్తుంది, అడిగారెవరో.
పెంచలమ్మ గోడకేసి చూడనైనా చూడకుండా:
"పళ్ళు నాలుగెక్కువ పెట్టినాడబ్బా.
పెట్టినోడు, నమిలేదానికేమన్నా పెట్టిపోయినాడా?"

ఆమెకి చాలా గర్వంగా ఉందట. ఇది జెమీమా ఇంగ్లీషు.
అందరూ తలలూపారు.
నేను అంతకుముందే నవ్వేశాను.

గరిటె ఆగింది.
"ఓయ్, నువ్వు. ముందే నవ్వితివే. ఏ ఊరు మనది?"

పందొమ్మిదేళ్ళుగా వేళచ్చేరిలో అద్దెకుంటున్నాను.
ఇక్కడే, అన్నాను.
"కూవం కాడ మేమూ అదే అంటా ఉంటిమి" అంది.
చట్నీ కలిపింది, ఉప్పు చూసింది.
"వాళ్ళని బయటే చూడనీ. నువ్వు పైకి పో.
తలుపు తీసే ఉంటాది."

తీసే ఉంది. రాయి ఉంది.
ఎడమ కన్ను బాత్రూం కిటికీ.
లోపల్నుంచి చూస్తే కనుపాప లేదు:
నీలం బకెట్టు, చెవి విరిగిన మగ్గు,
గోడ మీద పెన్సిలుతో నీళ్ళొచ్చిన తేదీలు,
రెండుచోట్ల కొట్టివేత.

కిటికీ రెక్క జరిపాను.
కింద గొడుగు లేచింది.
పదిమందీ తలలెత్తి ఫోన్లు గురిపెట్టారు.
కదిలితే బొమ్మ చెదురుతుందేమోనని
కాసేపు
రెప్ప వేయకుండా నిలబడ్డాను.