మైకు ఆటో

పొద్దుగాల ఆరింటికే బ్యాటరీ కట్టి
దేవరకొండ బస్టాండు కాడ మొదలుపెట్టిన:
“రండి, తరలి రండి, శాంతి సభకు!
రేపు కాలేజీ మైదానంలో.
భోజన వసతి కలదు.”

రాసిచ్చిందే చదువుత నేను.
“యుద్ధాలు లేని లోకం” అన్నకాడ
గొంతు కొంచెం మెత్తగ చెయ్యమన్నడు కంట్రాక్టరు.
చేసిన.
ఇరవై రెండేండ్లసంది ఇదే గొంతు
పురుగుమందులకు, చీరెల దుకాణానికి,
తప్పిపోయిన పిల్లగానికి.
(ఆ పిల్లగాడు దొరకలే.)

మాపటీలి తహసీలు ఆఫీసుల ఇంకో కాగితమిచ్చిన్రు,
నీలం ముద్ర ఇంక తడారలే.
డిండి రోడ్డు మీద చాయ తాగుకుంట చదువుకున్న:
“గుండ్లగుట్ట కింద రేపటి నుండి తూటాల పరీక్ష.
పశువులు, మనుషులు లోపలికి పోరాదు.
శబ్దం వినబడినచో
ఎక్కడివారు అక్కడ నేలపై పడుకోవలెను.”

పడుకోవలెను అన్న మాటకు
ఏ గొంతు పెట్టాల్నో ఎవరు చెప్పలే.

బ్యానరు విప్పితే మల్ల కట్టనీకి గంట పడ్తది,
అట్లనే పోయిన తండాలకు.
ఆటో వెనక తెల్ల పావురం,
దాని కింద సారు నవ్వు.
పత్తిచేను మలుపుల మేకల రూప్లా అడ్డమొచ్చి
ముందు పావురాన్ని చూసిండు, తర్వాత నన్ను.
“రెండు ఒక్కరే పంపిన్రా?”
కిరాయి ఒక్కరే ఇస్తున్రన్న.
నవ్వలే.

కేళీ మాత్రం
జెండ పెడ్తరా, ఎంత పొడుగుంటది అని అడిగింది.
ఎర్రది మేక కంటికి ఆనుతదా అని అడిగింది.
నా కాగితంల ఆ సంగతి లేదు.

తెల్లారి లారీలల్ల అందరిని తెచ్చిన్రు సభకు.
తండాలోళ్లు ఆఖరి వరుసల, ఎండల.
సారు “శాంతి” అని మూడోసారి అన్నప్పుడు
గుట్ట అవతల నుంచి ఒకటే గడగడ.
కుర్చీలల్లోళ్లు మొగులు దిక్కు చూసిన్రు.
“వరుణదేవుడు సుత ఆశీర్వదిస్తున్నడు!”
మైకు పట్టుకున్నాయన అన్నడు.
చప్పట్లు.

వెనక వరుసల
రూప్లా, కేళీ, మూడు తండాల పిల్లజెల్ల
ఒక్కపారే నేల మీద పండుకున్నరు,
బువ్వ కూపన్లు పిడికిట్ల పట్టుకొని.

నా మాట అంత మంచిగ విన్నోళ్లను
ఇరవై రెండేండ్లల్ల
నేను చూడలే.