మూడో రీలు

రేకుడబ్బాలు హౌరా మెయిల్లో వచ్చేవి.
వారమంతా నెల్లిమర్ల జూటుమిల్లులో నార దుమ్ము మింగి
ఆదివారం మా నాన్న, లెంక సన్యాసిరావు,
రిక్షాలో వాటిని ఒళ్లో పెట్టుకుని
మూడులాంతర్ల మీదుగా తెచ్చేవాడు,
పురిటిబిడ్డను తెచ్చినట్టు.

ఫిలిం సొసైటీకి ఊళ్లో నలభై ముగ్గురు సభ్యులు.
వాన పడితే తొమ్మండుగురు.
ఆ రోజు వాన. ఫిన్లండ్ సినిమా.
ఫిన్లండ్ ఎక్కడండీ అంటే
ప్లీడరు గుమాస్తా వేలెత్తి
కారుతున్న పైకప్పు చూపించాడు.

ఆమె పేరు సాయిమి లెహ్తొవారా.
వారం తిరక్కుండా మా వీధికి సాయమ్మ.

ఇరవయ్యేళ్ల పిల్ల. సరస్సులోకి పడవ తోసి
నల్లరొట్టె కొరికి
నమలకుండానే నవ్వింది.
రెండో రీలు చివర రైలెక్కింది.
మూడో డబ్బా తెరిస్తే
వ్యవసాయశాఖవారి డాక్యుమెంటరీ,
వరికి దోమపోటు.

నాలుగో రీల్లో తిరిగొచ్చింది.
జుట్టు కురచ. ఎడంచేతికి కట్టు.
పడవవైపు చూడదు.

మధ్యలో ఏమైంది?
మిల్లులో చేరుంటాది, చెయ్యి మగ్గంలో పడుంటాది
అన్నారు మిల్లువాళ్లు.
విడాకులు, అన్నాడు గుమాస్తా.
టీకొట్టు గౌరమ్మ ఒక్కతే, గ్లాసులు కడుగుతూ,
"ఏటీ అవనేదు. ఊరికే ఎల్నాది, ఊరికే ఒచ్చినాది.
ఆడది రైలెక్కితే ఏటో ఒకటి అయిపోవాలేటి?"

ఆ రీల్లోనే ఫిలిం ఇరుక్కుంది, సరిగ్గా ఆమె ముఖం మీద.
తెర నడుమ గోధుమరంగు పొక్కు లేచి
చెంప తినేసింది.
నాన్న కత్తెరేశాడు. పదకొండు ఫ్రేములు.
అతికించి, డబ్బామీద రాయాల్సిన మాట రాయలేదు.
కాలని ఏడింటినీ నశ్యం డబ్బాలో దాచాడు.
నాకది ఇచ్చాడు, ఇంకేమీ ఇవ్వలేనని తెలిశాక.

తర్వాత ఆమె సంగతి ముక్కలుముక్కలుగా విన్నాను.
మరో రెండు సినిమాలు. ఒకటి ఆడలేదట.
పిల్లల కార్యక్రమంలో నక్కకు గొంతు.
నాలుగేళ్లు ఎవరూ పిలవలేదు.
ఆపైన టీవీ, పోలీసు సీరియల్లో పక్కింటావిడ,
తలుపు తీస్తుంది, ఏదో అంటుంది, తలుపు వేస్తుంది.
భాష రాకపోయినా ఆ తలుపు వేసే తీరు చూసి
ఈమె ఏదో దాస్తోందని నాకు తెలిసిపోయింది.

మొన్న, ఆర్టీసీ కాంప్లెక్సు విచారణ కౌంటర్లో
క్యారేజీ విప్పి, ఫోను నిలబెట్టి,
కడిగి బాగుచేసిన ఆ పాత సినిమా చూశాను.
మూడో రీలు ఉంది.
స్టేషన్లో కూర్చుంది. ఎవరూ రాలేదు.
ఆపిల్ తింది. వెనక్కొచ్చే రైల్లో
తలుపు సందున చెయ్యి నలిగింది.
అంతే.
గౌరమ్మ పోయి పన్నెండేళ్లు, ఎవరికి చెప్పను?

చెయ్యి కడుక్కోకుండానే చూస్తున్నాను.
నాన్న కోసిన చోటొచ్చింది.
అర సెకను కూడా లేదు.
ఆమె రెప్ప వేసి తెరిచింది.

నా దగ్గరున్న ఏడింటిలోనూ ఆ కళ్లు మూసే ఉంటాయి.
నలభయ్యేళ్లుగా
ఆమె నిద్రపోతోందనుకున్నాను.

అద్దం మీద ఎవరో రూపాయిబిళ్లతో కొట్టారు.
"పాలకొండ బస్సు ఎలిపోనాదేటమ్మా?"