వంతు

కాలవ నీరు మా వంతుకి రాత్రి రెండింటికొస్తుంది.
అప్పుడు అయ్యని లేపాలి.
నేను పడుకుంటే ఇద్దరం లేవం.
అలా మేలుకుని ఉన్న నాకు
పదకొండున్నరకి దమయంతి ఆరంకెలు పంపింది:
"కొట్టి రాయే. చోటుంచినాం."

కొట్టాను.
చక్రం తిరిగింది, తిరిగింది.
సంతకవిటి దాటాక సిగ్నలంటే
వస్తానని చెప్పి మలుపులో ఆగిపోయే బస్సే.
ఆఖరికి బొటనవేలంత పిల్లొకతి
ఎవరిదో పొలం గట్టు మీద నిలబడింది.
అది నేనట.

వాళ్ళకి అప్పటికే మూడో ఏడు.
కోళ్ళగూడు, రాతిబాట, గాలిమర,
నాలుగు వరసల స్ట్రాబెర్రీలు.
ఆ పండుని రాజాం బేకరీలో
కేకు మీద తప్ప చూడలేదు నేను.
వాగు పక్కన నాకో గుడిసె ముందే కట్టేశారు.
తలుపు మీద 'ఈశు' అని పేరు.
లోపల మంచం, గళ్ళ దుప్పటి, దీపం.
అద్దె మాట ఎవరూ ఎత్తలేదు.

నీళ్ళ డబ్బా ఇచ్చారు. పోశాను.
మట్టి నల్లబడింది, పనైపోయింది.
మోటారు కాలలేదు, కాలికింద పాము కదల్లేదు,
పైమడివాడు గండి మూసెయ్యలేదు.
అయ్య ఇటు ఒత్తిగిలి ఒంటికన్నుతో చూశాడు.
"ఎన్నాళ్ళ పంటే అది?"
"నాలుగు రోజులు."
"కౌలెంత?"
"లేదయ్యా."
"అయితే అది పొలం కాదు" అని
మళ్ళీ గురక.

విత్తనాల కొట్టుకెళ్ళాను. ముల్లంగి.
తెర పైన ఒకటే అంకె,
నలుగురి డబ్బూ ఒకే సంచిలో.
పద్దెనిమిది వేల చిల్లర.
చెయ్యి రాలేదు.
మా ఇంట్లో విత్తనానికి డబ్బంటే
మూడు గుమ్మాలు ఎక్కి దిగడం,
రెండో గుమ్మం దగ్గర
అయ్య చెప్పులు చేత్తో పట్టుకోవడం.
"పదిహేను గింజలు కొననా?" అని రాశాను.
కాసేపు ఎవరూ పలకలేదు.
ఫణీంద్ర బొబ్బిలిలో పగిలిన తెరలు మారుస్తాడు,
ఈ తెరా వాడు మార్చిందే, డబ్బులు నేనింకా ఇవ్వలేదు.
వాడన్నాడు:
"అడుగుతావేటే? మనదే గదా."

మనోడు అని మనుషుల్ని అనగా విన్నాను.
మనది అని
మట్టిని అనగా వినలేదు.

ఇరవై కొన్నాను.
వరస వంకర పోయింది.
"రైతు కూతురివేనా నువ్వు?" అని సింహాద్రి.
పైడిభీమవరం మందుల కంపెనీలో వాడిది రాత్రి షిఫ్టు,
టీ విరామంలో వచ్చి పోతుంటాడు.
పొలం పని ముట్టడు, గేలం వేసుక్కూచుంటాడు.
మాత్రలు లెక్కపెట్టే చేతులకి
లెక్కలేని పనొకటి ఉండాలంటాడు.

ఇక్కడొక రూలుంది.
అందరూ పడుకుంటేనే తెల్లారుతుంది.
ఒక్కరు మేలుకున్నా రాత్రి కదలదు.
దమయంతి పడుకుంది. ఫణీంద్ర పడుకున్నాడు.
సింహాద్రి మాత్రం "ఒక్క చేప, ఒక్కటే" అంటున్నాడు.
ఒకటీ యాభై ఎనిమిది.
"నీళ్ళ వంతొచ్చిందిరా, పోవాలి" అన్నాను.
గేలం అక్కడే పడేసి పరిగెత్తాడు.
నేనూ పరిగెత్తాను,
నా గుడిసె ఎటో మర్చిపోయి
కోళ్ళగూట్లో దూరి, బయటపడి,
ఎలాగో మంచమెక్కాను.
తెర నల్లబడింది. కోడి కూసింది.
గింజలు తలెత్తాయో లేదో చూడకుండా
అయ్య భుజం తట్టాను.

టార్చి, పార, కప్పల గోల.
మొదటి మడి తడిసేసరికి మూడున్నర.
కిందమడి జోగులు తాత వచ్చి గట్టు మీద కూర్చున్నాడు,
అతని వంతు నాలుగింటికి.
సగం కాల్చిన బీడీ అయ్యకందించాడు.
ఇద్దరూ నీళ్ళకేసి చూస్తున్నారు, మాటల్లేవు.

జేబులో ఫోను వణికింది.
దమయంతి ఇంకా పడుకోలేదన్నమాట.
"నీయి పద్దెనిమిది మొలిచినాయే.
రెండు కాకి తినేసింది.
దిష్టిబొమ్మ కొని పెట్టినాను,
నిన్నడక్కుండా సంచిలోంచే తీసినాను."

అయ్యకి చూపిద్దామనుకున్నాను.
నీరు ఈశాన్యం మూలకి ఇంకా ఎక్కలేదు.
ఫోను నోట్లో కరుచుకుని
మడమతో మట్టి తొక్కి దారి చేశాను.