తిరగేసిన చదువు

సెతూబల్ రేవు పక్కన,
చేపల వాసన మూడో అంతస్తు దాకా మెట్లెక్కి వచ్చే వీధిలో
బల్తజార్ గారి రాతి అచ్చు కార్ఖానా.
నాకప్పుడు పద్నాలుగేళ్ళు.
సిరా అంటని వేలు ఒక్కటి కనిపించినా
ఆ పూట కూలి దొంగకూలి అనేవాడాయన.

రాళ్ళు అరగదీసేది ఎర్మెలిందా.
రాయి మీద రాయి, నడుమ తడి ఇసుక,
ఎనిమిది అంకె చుడుతున్నట్టు
రెండు చేతులూ తిప్పుతూనే ఉండేది
నిన్నటి సార్డీన్ డబ్బా బొమ్మ
తెల్లటి బురదై గోళ్ళలోకి చేరేదాకా.
శిలాక్షరం చెరగదంటారే,
ఆ మాట అన్నవాళ్ళెవరూ ఆమె చేతులు చూసి ఉండరు.
అరిగిన రాయి మళ్ళీ మా వైపు చూసేది
రాయి, రాయి, అన్నట్టు.

కొవ్వు సిరాతో గీసేవాళ్ళం
తెరచాప పడవ, టోపీ పిల్ల, మూడు చేపలు.
అక్షరాలు మాత్రం కుడి నుంచి ఎడమకి.
తడిపితే నీళ్ళు ఖాళీని పట్టుకునేవి,
సిరా గీతని పట్టుకునేది,
ఒకే వంటింట్లో మాటల్లేని తోడికోడళ్ళలా
ఒకదాని జోలికి ఒకటి పోకుండా.
పసుపుకో రాయి, ఎరుపుకో రాయి, నీలానికో రాయి.
నలుపు రాయి దిగితే గానీ
చేపకి కన్ను వచ్చేది కాదు.

బడి గడప తొక్కలేదు ఎర్మెలిందా.
చెరిపే ముందు ఒక్కో అక్షరాన్నీ వేలితో తడిమి
"దీని పేరేంటి?" అనేది.
నాకు ముందు ఎంతమంది కుర్రాళ్ళని అడిగిందో,
చెరుపుతూ చెరుపుతూనే చదవడం నేర్చింది.
ఒకటే తకరారు:
రాతి మీది తిరగబడ్డ మాట గడగడా చదివేది,
కాగితం మీది తిన్నటి మాట
ఆమెకి కొక్కిరిగీతలు.

అక్క ఫ్లోరిపెస్ ఉత్తరం రాస్తే
కిటికీ దగ్గరికి పోయి
కాగితం వెనక్కి తిప్పి వెలుతురుకి పట్టేది.
అట్నుంచి ఇటు ఈదుకొచ్చేవి మాటలు.

ఒక చలికాలం వచ్చిన ఉత్తరం
రెండు వైపులా రాసి ఉంది, ఊదారంగు కాపీ పెన్సిల్‌తో.
వెలుతురుకి పడితే వరసలు చిక్కుపడ్డాయి.
నేను చదువుతానన్నాను.
ఇవ్వలేదు.
అందరూ వెళ్ళాక ఒక చిన్న రాయి తడిపి,
ఉత్తరాన్ని బోర్లా పరిచి
యంత్రం పిడి తనే తిప్పింది.
కాగితం లేపితే
రాతి మీద ఊదా అక్షరాలు,
ఆమెకి తెలిసిన వైపు తిరిగి.
నుంచునే చదివింది. పెదవులు కదిలాయి.
రెండో వైపు అచ్చుకి ఇంకో రాయి అడగలేదు.
ఇసుక చల్లింది.
ఆ రాత్రి ఎనిమిది అంకె
ఎన్నిసార్లు చుట్టిందో నేను లెక్కపెట్టలేదు.

తరవాత జింకు రేకులు వచ్చాయి.
రాళ్ళని పెరట్లో పరిచేశారు, నడవడానికి.
వానొస్తే చూడాలి:
ఎక్కడ ఎంత అరగదీసినా లోపల మిగిలిన కొవ్వు
నీళ్ళని ఒప్పుకోదు.
చేపలు తేలతాయి, పడవ సగం,
టోపీ పిల్ల ఒక చెవి.

ఊదారంగు కోసం
ఎన్నో వానల్లో వంగి వెతికాను.
ఎర్మెలిందా పని
అంత బాగా చేసింది.