ఏమీ జరగని రోజులు

మా నాయన ఉద్యోగం కాగితం మార్చడం.
బెంగళూరుకి ఉత్తరాన, గుండ్రాళ్ళ గుట్టల నడుమ ఒక గది,
గదిలో తిరిగే డ్రమ్ము, డ్రమ్ము మీద సిరా పెన్ను.
రోజూ పొద్దున ఎనిమిదికి
నిన్నటి భూమిని విప్పి
ఇవాళ్టి భూమిని చుట్టేవాడు.

"భూకంపం తడబడుతుంది పాపా,
ఒక దిక్కుకి తోస్తుంది, ఇంకో దిక్కు నుంచి లాక్కుంటుంది.
బాంబుకి ఆ అనుమానం లేదు.
ఎక్కడ నిలబడి విన్నా
మొదటి గీత పైకే."

సంగటి ముద్ద తుంచుతూ చెప్పేవాడు
పక్కవీధి పెళ్ళి కబుర్లు చెప్పినట్టు:
లోప్ నూర్ ఇసుక నుంచి ఏడు నిమిషాలు,
కజాఖ్ మైదానం నుంచి ఇంచుమించు అంతే,
నెవాడా అయితే భూమి గుండెలోంచి దూరి రావాలి,
ఇరవై నిమిషాలు, పాపం, అలిసిపోయి వస్తుంది.
ఎడారి అంటే
ఎవరూ లేని చోటనుకునేదాన్ని.
మ్యాపులో అక్కడ పేర్లు తక్కువ.

గీత ఎగిరిన కాగితాలు సీలు పడి పెద్దాఫీసుకి పోయేవి.
ఏమీ జరగని రోజులే మా ఇంటికొచ్చేవి, చుట్టలు చుట్టలుగా.
అమ్మ వాటిని బియ్యం డబ్బాల కింద పరిచింది.
నేను వెనకవైపు ఎక్కాలు రాసుకున్నాను.
మత్తికెరె స్కూల్లో నా పుస్తకాల అట్టల మీద మాత్రమే
ఎక్కడో సముద్రం ఒడ్డుని కొట్టే సన్నటి వణుకు.

తొంభై ఎనిమిది మే, సోమవారం, ఎండ.
ఈసారి మూడు నిమిషాల చిల్లరే పట్టింది.
సొంతింటిది కదా, దగ్గర.
సాయంత్రం బేకరీ ముందు టపాకాయలు,
వచ్చేపోయేవాళ్ళకి మైసూర్ పాక్.
నేను రెండు ముక్కలు తిన్నాను.
రెండోది అడిగి.

నాయన మూడోరోజు రాత్రి వచ్చాడు.
చెప్పులు విప్పకుండానే అమ్మని అడిగాడు:
"అలమరలో గ్లాసులేమన్నా మోగినాయా?"
లేదంది.
ఆయన సంతోషించాడో లేదో
ఇప్పటికీ తెలీదు నాకు.

నాయన పోయి ఆరేళ్ళు.
ఎర్ర గారనేల బీటలిస్తే మార్బుల్ వేయిస్తున్నాను.
పనికొచ్చినవాడు పూనమారామ్, పున్నమి నాడు పుట్టాడట,
హిందీ కలిసిన కన్నడం, మోకాళ్ళకి కట్టుకున్న టైరు ముక్కలు.
ఏ ఊరు అన్నాను, టీ ఇస్తూ.
పోఖ్రాన్ దగ్గర పల్లె అన్నాడు.
నా చేతిలో గ్లాసు మోగింది.

"అప్పుడు నాకు ఏడేళ్ళు.
సిపాయిలొచ్చి ఇళ్ళలోంచి బయటికి రమ్మన్నారు.
ఖేజ్రీ చెట్టు కింద కూచున్నాం, ఎందుకో చెప్పలేదు.
నేల ఒకసారి ఊపిరి పీల్చుకుంది, అంతే.
గోడ మూల నుంచి కిటికీ దాకా చెయ్యి దూరేంత సందు.
వాననీళ్ళ తొట్టి అడుగున పగిలింది,
ఏడాది నీళ్ళు రాత్రికి రాత్రే తాగేసింది ఇసుక.
గోడకని ఇచ్చిన డబ్బుకి సగం గోడే లేచింది.

తర్వాత పెదనాన్నకి గొంతులో గడ్డ.
దానికీ దీనికీ సంబంధం లేదన్నారు డాక్టర్లు.
ఉందన్నారు మావాళ్ళు.
ఎవరూ కొలవలేదు మేడమ్."

కొలవడం అనేసరికి లేచాను.
అటక మీంచి కాగితం చుట్టలు దింపాను,
నాయన పని ఏమిటో చెప్పాను.
అతను చేతులు తుడుచుకున్నాడు, రెండుసార్లు.
"మా ఊరు ఎక్కడ?"

లేదు.
అది పెద్దాఫీసులో ఉంది, సీలు కింద.
ఇవన్నీ ఉత్త రోజులు.

అతను వదల్లేదు.
తేదీలు వేలితో వెతుక్కుంటూ పోయి
ఒకచోట ఆగాడు. మే నెల, తొమ్మిది.
ఒక్క వంకరైనా లేని నీలిగీత
ఈ అంచు నుంచి ఆ అంచుకి.

"ఇది ఉంచుకోనా?
ఆ రోజు మేమంతా ఇంట్లోనే ఉన్నాం.
తొట్టి నిండా నీళ్ళు."

మడిచి జేబులో పెట్టుకున్నాడు.
తర్వాత రాయి దించుతూ
రాయికీ గోడకీ మధ్య వేలి మందం వదిలాడు.
అంత సందెందుకన్నాను.
నేల కదులుతుంది మేడమ్ అన్నాడు,
తలెత్తకుండా.