రెండు గంటలకోసారి

సిరిపురంలో అద్దె హాలు. మధ్యలో ఇనప మంచం,
పూర్ణా మార్కెట్ వెనక పాత సామాన్ల కొట్లో బేరమాడి కొన్నది.
దాని మీద మనిషంత బస్తా.
అరవై కిలోల ఇసుక, భీమిలి నుంచి ఆటోలో తెచ్చాను.

మంచం పట్టిన మనిషిని
రెండు గంటలకోసారి ఒత్తిగిలించాలి.
లేకపోతే వీపు పుండవుతుంది.
అంతే నా ప్రదర్శన. ఒక పగలు, ఒక రాత్రి. మాటల్లేవు.

మొదటిసారి తిప్పినప్పుడు నలభై మంది.
ఎవరో చప్పట్లు కూడా కొట్టారు.
రెండోసారికి పదకొండు.
ఆ తర్వాత ఒక్క కుర్రాడు,
వాడూ ఫోను చార్జింగయ్యేదాకా.

అమ్మ కేజీహెచ్‌లో ఆయా. ఇరవయ్యారేళ్లు.
నిద్దట్లో దిండుని అటు తిప్పేది, ఇటు తిప్పేది.
మేం నవ్వేవాళ్లం.

రాత్రి రెండింటికి హార్బరులో ఓడ కూసింది.
నా నడుం పట్టేసింది. బస్తా కదల్లేదు.
హాలు తుడిచే ఎర్నమ్మ
చీపురు గోడకానించి వచ్చింది.
"అలగ కాదమ్మా. ముందల మోకాళ్లు మడవాల.
బుజం కింద సెయ్యెట్టు.
ఒంటి బరువుతో లాగు, సేత్తో కాదు."

బస్తాకి మోకాళ్లు లేవు.
అయినా వెతికి మడిచింది.
ఇసుక మెల్లిగా మనిషిలా దొర్లింది.
కింద దుప్పటి ముడత సరిచేసింది,
నాకు తోచనే లేదది.

"ఎవరికి చేశావు ఇలా?"
"ఎవులికి సెయ్నేదు?"
మళ్లీ చీపురందుకుంది.

గుమ్మం దగ్గర పోస్టర్లో నా పేరొక్కటే.
నాలుగింటికి అలారం పెట్టుకుని కునుకు తీశాను.
అది మోగలేదో, నాకు వినపడలేదో.
ఎర్నమ్మే లేపింది.