ఐదో అంతస్తులో నీటి చప్పుడు

నేను లిఫ్టులు బాగుచేసేవాణ్ణి.
మోటారు గొంతు వింటే చాలు,
ఏ తాడు అరిగిందో చెప్పేస్తాను.
ఇబుకి టీచరమ్మ ఇంట్లో మాత్రం
మొదటి ఆరు నెలలూ నాకేమీ వినపడలేదు.

మత్సుయె ఊళ్లో, సరస్సుకి ఇవతలి గట్టున
ఐదో అంతస్తు ఫ్లాటు.
బొగ్గు రాజేయకూడదని బిల్డింగు వాళ్ల ఆంక్ష.
కుంపట్లో కరెంటు తీగ ఎర్రబడుతుంది,
బూడిద మాత్రం అసలుదే,
అత్తగారింటి నుంచి
బిస్కెట్ల డబ్బాలో మోసుకొచ్చింది.
"నిప్పు మారితే మారింది,
నీళ్లకి ఆ సంగతి తెలియదుగా" అంటుంది.

మోకాళ్లు మొండికేశాక
చాపల మీదికి బల్ల వచ్చింది, స్టూళ్లు వచ్చాయి.
వంగి దూరే పొట్టి వాకిలి లేదు గనక
గుమ్మానికి నీలం గుడ్డ ఒకటి
నడుం దాకా వేలాడదీసింది.
లిఫ్టులో నిటారుగా వచ్చినవాళ్లం
అక్కడ వంగుతాం.
పోస్టాఫీసులో రిటైరైన కురాతా గారు
ప్రతిసారీ కళ్లజోడు జారవిడుస్తూ.

ఫోన్లు చెప్పుల అరలో.
ఒక్కోసారి నా బూట్లు
వాటంతటవే వణుకుతాయి.

ఇవాళ చిక్కటి టీ.
జబ్బు కాలం మొదలు నాలుగేళ్లుగా
ఎవరి గిన్నె వాళ్లదే.
ఇవాళ అలమరలోంచి ఒక్కటే దిగింది,
నల్లది, రెండు చేతులా పట్టాల్సింది.
మేం అడగలేదు. ఆవిడా చెప్పలేదు.
వెదురు చెంచాతో ఆకుపచ్చ పొడి వేసి
నీళ్లు పోసి
చిలకదు, మెదుపుతుంది,
పసివాడికి అన్నం మెదిపినట్టు.

ముందు నానావో తాగింది,
రాత్రంతా తెరిచుండే కొట్టులో
అన్నం ముద్దలకి బిల్లు కొట్టే పిల్ల.
అంచు తుడిచి, గిన్నె తిప్పి
కురాతా గారికి అందించింది.
ఆయన చేతులు గాల్లో ఆగాయి.
ఎంగిలి.
నాలుగేళ్లు మమ్మల్ని గుమ్మాల వెనక
దాక్కోబెట్టిన మాట.
గోడగడియారం కూడా లేదు ఆ గదిలో
ఎంతసేపో చెప్పడానికి.

తాగాడు.

నా దాకా వచ్చేసరికి
ఆ గిన్నెకి ఎవరి చేతుల వేడి ఎంతో
విడదీయలేకపోయాను.
అప్పుడు వినపడింది,
ఇనుప కెటిల్ అడుగున నీళ్లు సన్నగా పాడటం.
పైన్ చెట్లలో గాలి అంటుంది టీచరమ్మ.
నాకైతే
గ్రీజు సరిగ్గా పడ్డ బేరింగు.

ముగ్గురం లిఫ్టెక్కాం.
తలుపులు మూసుకున్నాయి.
నాలుకల మీద ఇంకా ఒకటే చేదు.
చాలాసేపటికి నానావో అంది:
"మనం కదలట్లేదేమో?"
చూస్తే, ఎవరూ బటన్ నొక్కలేదు.
నేను కూడా.